పాత ఫుటేజ్ ఎక్కడి నుంచి తెచ్చుకోవాలి: మన జిల్లాల మీద డాక్యుమెంటరీ తీసేవాళ్ల కోసం

విజయనగరంలో ఉంటూ ఎడిటింగ్ చేస్తాను, వీలున్నప్పుడు చిన్న డాక్యుమెంటరీలు తీస్తాను. ఈ మధ్య కుర్రాళ్లు ఫోన్ చేస్తే ఎక్కువగా ఒకటే అడుగుతున్నారు: “అన్నా, పాత వీడియోలు ఎక్కడ దొరుకుతాయి?” ఒకరు పొందూరు ఖద్దరు మీద తీస్తున్నారు, ఒకరు తిత్లీ తుఫాను మీద, ఇంకొకరు తప్పెటగుళ్లు అనే జానపద కళ మీద. ఏ కథైనా ఒక చోటికి వచ్చేసరికి “అప్పట్లో ఇలా ఉండేది” అని చూపించక తప్పదు. చూపించడానికి చేతిలో ఏమీ ఉండదు. యూట్యూబ్‌లో వెతికి, దొరికింది దించుకుని టైమ్‌లైన్ మీద పడేస్తారు. ఎడిట్ అంతా అయిపోయాక ఏ ఫెస్టివల్ వాళ్లో, ఛానల్ వాళ్లో “ఈ ముక్కకి హక్కుల కాగితం పంపండి” అంటారు. అప్పుడు మొదలవుతుంది టెన్షన్.

అందుకే ఎక్కడెక్కడ ఏం దొరుకుతుంది, ఏది ఎవరికి పనికొస్తుంది, దేనికి ఎంత తలనొప్పి అన్నది ఒకచోట రాద్దామనుకున్నాను. నా అభిప్రాయం ముందే చెప్పేస్తాను. శ్రీకాకుళం, విజయనగరం మీద సినిమా తీసేవాళ్లు మొదట వెతకాల్సింది మన ఇళ్లలోని అటకల మీద, బీరువాల్లో. ముంబై, లండన్‌లలోని ఆర్కైవ్‌లు, అంటే పాత ఫిల్ములు భద్రపరిచే సంస్థలు, ఆ తర్వాత.

సాక్ష్యమా, వాతావరణమా

వెతకడానికి బయల్దేరేముందు ఒక్క విషయం తేల్చుకోవాలి. ఆ పాత దృశ్యం మీ సినిమాలో సాక్ష్యంగా నిలబడాలా, లేక ఆ కాలం ఎలా ఉండేదో తెలిపే వాతావరణంగా ఉంటే చాలా? 1950ల నాటి రైలు, మద్రాసు రేవు, ఎడ్లబండ్ల సంత లాంటివి వాతావరణం. ఎక్కడివైనా, వ్యాఖ్యానంలో “ఇది మన ఊరే” అనకుండా ఉంటే చాలావరకు ఇబ్బంది లేదు. సాక్ష్యం సంగతి అలా కాదు. “2018 అక్టోబర్ 11న పలాస దగ్గర తిత్లీ తీరం దాటింది, ఉద్దానంలో కొబ్బరి తోటలు ఇలా నేలకొరిగాయి” అని చెబుతూ 1977 నవంబర్‌లో దివిసీమను ముంచిన ఉప్పెన దృశ్యం చూపిస్తే అది అబద్ధం. 2014 హుద్‌హుద్ తుఫాను దృశ్యం పెట్టినా అబద్ధమే. చూసేవాళ్లలో ఆ తోట పోగొట్టుకున్న రైతు ఒక్కడున్నా చాలు, మీ సినిమాలో మిగతా నిజాలన్నీ కూడా అనుమానంలో పడతాయి.

పొందూరు విషయమూ అంతే. ఖాదీ మీద పాత న్యూస్‌రీళ్లు (హాళ్లలో వేసిన వార్తాచిత్రాలు) వెతికితే రాట్నాలు, ఉపన్యాసాలు దొరుకుతాయి. కానీ పొందూరులో పత్తిని శుభ్రం చేసేది వాలుగ చేప దవడ ఎముకతో. సన్నటి పళ్లున్న ఆ చిన్న దవడను పత్తి మీద దువ్వెనలా లాగుతారు. ఆ పని ఇంకెక్కడి రాట్నం దృశ్యంతోనూ భర్తీ కాదు. అలాంటిది పాతది దొరక్కపోతే, ఇవాళ్టి చేతుల్ని దగ్గరగా తీసి, తెర మీద ఈ ఏడాది తేదీ వేయండి. అదే మర్యాద.

ప్రభుత్వ ఖజానాలు

1948లో పెట్టిన ఫిల్మ్స్ డివిజన్ దశాబ్దాల పాటు న్యూస్‌రీళ్లు, డాక్యుమెంటరీలు తీసింది. సినిమాకి ముందు హాళ్లలో అవి తప్పనిసరిగా వేసేవారు, తెలుగు వ్యాఖ్యానంతో కూడా వచ్చేవి. మా నాన్న తరం వాళ్లకి ఆ గొంతు ఇప్పటికీ గుర్తే. 1964లో పుణేలో జాతీయ ఫిల్మ్ ఆర్కైవ్ మొదలైంది. 2022లో ఈ రెండింటినీ జాతీయ చలనచిత్ర అభివృద్ధి సంస్థ (ఎన్‌ఎఫ్‌డీసీ)లో కలిపేశారు కాబట్టి ఇప్పుడు సంప్రదించాల్సింది ఎన్‌ఎఫ్‌డీసీనే. దూరదర్శన్, ఆకాశవాణి పాత సరుకు ప్రసార భారతి ఆర్కైవ్స్‌లో ఉంటుంది.

వీటి బలం ఏమిటంటే, హక్కు ఎవరిదో స్పష్టంగా ఉంటుంది. చేతికి వచ్చే కాగితం ఏ ఛానల్ వాళ్లైనా ఒప్పుకునేదే. ఫిల్మ్స్ డివిజన్‌వి ఫిల్మ్ మీద తీసినవి కనుక మంచి స్కాన్ దొరికితే బొమ్మ పెద్ద తెర మీద కూడా నిలబడుతుంది. బలహీనత ఏమిటంటే, కెమెరా ఎప్పుడూ మంత్రిగారి వెంట వెళ్లింది. ఆనకట్టలు, శంకుస్థాపనలు, వరద ప్రాంతాల పర్యటనలు పుష్కలం. ఒక మామూలు వీధి మామూలు రోజున ఎలా ఉండేదో చాలా అరుదు. అందులోనూ మన మూల జిల్లాల వంతు ఇంకా తక్కువ. క్యాటలాగ్‌లో “శ్రీకాకుళం” అని ఇంగ్లిష్‌లో ఒక్క స్పెల్లింగ్‌తో వెతికి వదిలేయకండి. పాత రోజుల్లో చికకోల్ అని, విజయనగరానికి విజియనగ్రమ్ అని రాసేవారు. 1950 ఆగస్టు 15కి ముందు శ్రీకాకుళం జిల్లా లేదు, 1979 జూన్ 1కి ముందు విజయనగరం జిల్లా లేదు. కాబట్టి విశాఖపట్నం పేరుతో, వాల్తేరు పేరుతో, మద్రాసు రాష్ట్రం పేరుతో కూడా వెతకాలి. వంశధార, నాగావళి అని నదుల పేర్లతోనూ చూడండి.

ఇక్కడ ఇంకో మాట. ఆ న్యూస్‌రీల్ వ్యాఖ్యానం ప్రభుత్వం గొంతు. బొమ్మతో పాటు ఆ గొంతునీ వాడితే, అది అప్పటి ప్రభుత్వ మాట అని ప్రేక్షకుడికి తెలిసేలా వాడండి. దాన్ని మీ సినిమా చెప్పే నిజంగా దాటించేయకండి.

విదేశీ న్యూస్ ఆర్కైవ్‌లు

బ్రిటిష్ పాథే వాళ్లు 2014లో దాదాపు 85,000 ఫిల్ములు యూట్యూబ్‌లో పెట్టారు. 2015లో అసోసియేటెడ్ ప్రెస్ వార్తా సంస్థ, బ్రిటిష్ మూవీటోన్ కలిసి 5,50,000 పైగా వీడియోలు పెట్టాయి. ఇంట్లో కూర్చుని ఇంత చూడగలగడం నిజంగా గొప్ప సౌకర్యం. కానీ అక్కడ ఉన్నది చూసుకోవడానికే, తీసుకోవడానికి కాదు. వాడాలంటే లైసెన్స్ కొనాలి.

స్వాతంత్ర్యం వచ్చిన రోజుల దృశ్యాలకి చాలాసార్లు వీళ్ల దగ్గరికే పోవాల్సి రావడానికి ఒక కారణం ఉంది. యుద్ధకాలంలో బ్రిటిష్ ప్రభుత్వం నడిపిన ఫిల్మ్ విభాగాల్ని 1946లో మూసేశారు, ఫిల్మ్స్ డివిజన్ వచ్చింది 1948లో. నడుమ ఆ ఖాళీలో 1947 జరిగిపోయింది.

ధర ఎలా ఉంటుందంటే, సెకనుకో నిమిషానికో ఇంత అని లెక్క. ఏ దేశాల్లో చూపిస్తారు, ఎన్నేళ్లు, టీవీయా ఓటీటీయా ఫెస్టివలా అన్నదాన్ని బట్టి మారుతుంది. చాలాచోట్ల కనీస నిడివి షరతు కూడా ఉంటుంది. మీకు 6 సెకన్లే కావాలన్నా వాళ్ల కనీసానికి డబ్బు కట్టాల్సిందే. చిన్న బడ్జెట్ వాళ్లకి నా సలహా: మొదట ఫెస్టివల్స్ వరకు మాత్రమే లైసెన్స్ అడగండి, అది తక్కువలో వస్తుంది. రేపు టీవీకో ఓటీటీకో అమ్ముడుపోతే అదనంగా ఎంత కట్టాలో ఇప్పుడే రాతపూర్వకంగా ఖాయం చేసుకోండి. సినిమా అమ్ముడయ్యాక వెళ్లి అడిగితే బేరం మీ చేతిలో ఉండదు.

ఎడిట్ దశలో వాళ్లు వాటర్‌మార్క్, టైమ్‌కోడ్ (ఏ క్షణం ఏదో చూపే అంకెలు) ఉన్న స్క్రీనర్ కాపీ ఇస్తారు. దాంతోనే ఎడిట్ చేసి, ఎడిట్ ఖాయమయ్యాక వాడిన సెకన్లకే మాస్టర్, అంటే వాటర్‌మార్క్ లేని మంచి కాపీ, కొనాలి. టైమ్‌కోడ్ కనిపించేలా ఉంచుకుంటే ఏ ముక్క ఎక్కడిదో తర్వాత వెతుక్కోనక్కర్లేదు.

ఉచితంగా దొరికేవి

ఉచితం అన్న మాటలో మూడు నాలుగు రకాలున్నాయి. అమెరికా ప్రభుత్వ ఉద్యోగులు తమ పనిలో భాగంగా తయారుచేసిన వాటికి ఆ దేశంలో కాపీరైట్ ఉండదు. ఇది మనకెందుకంటే, తుఫాన్ల మీద సినిమా తీసేవాళ్లకి నాసా ఉపగ్రహ చిత్రాలు బంగారం. హుద్‌హుద్, తిత్లీ రెండూ బంగాళాఖాతంలో సుళ్లు తిరుగుతున్న చిత్రాలు వాళ్ల దగ్గర ఉన్నాయి. నాసా అని క్రెడిట్ ఇవ్వాలి, వాళ్ల లోగో వేసుకుని వాళ్లు మీ సినిమాను మెచ్చినట్టు చూపించకూడదు. అంతకంటే పెద్ద షరతులేమీ లేవు.

క్రియేటివ్ కామన్స్ (షరతుల మీద ఉచితంగా వాడుకోనిచ్చే లైసెన్స్) అని ఉంటే పక్కన ఉన్న అక్షరాలు చదవండి. వ్యాపారానికి వాడకూడదు అని ఉంటే మీరు ఛానల్‌కి అమ్మే సినిమాలో పెట్టలేరు. మార్చకూడదు అని ఉంటే కత్తిరించలేరు. ఇంటర్నెట్ ఆర్కైవ్‌లో “పబ్లిక్ డొమైన్” (కాపీరైట్ లేనిది) అని కనిపించినా, ఆ మాట రాసింది చాలాసార్లు దాన్ని ఎక్కించిన మనిషే. హక్కుదారు రాశాడో లేదో మీరే చూసుకోవాలి.

మన చట్టం ప్రకారం సినిమాకి, న్యూస్‌రీల్‌కి విడుదలైన ఏడాది తర్వాత జనవరి నుంచి 60 ఏళ్లు కాపీరైట్. 1965లో విడుదలైనదానికి 2025 డిసెంబర్ 31తో గడువు తీరింది. అయితే హక్కు తీరినంత మాత్రాన ఆర్కైవ్ వాళ్లు మంచి స్కాన్ ఊరికే ఇవ్వాలని లేదు, ఆ ఖర్చు వేరు. అందులోని పాటకి, సాహిత్యానికి హక్కు కూడా వేరు. రచయిత, స్వరకర్త పోయాక 60 ఏళ్ల దాకా అది బతికే ఉంటుంది. ఫొటోలకి కూడా 2012 సవరణ తర్వాత తీసినవారి జీవితకాలం ప్లస్ 60 ఏళ్లు.

“10 సెకన్ల లోపు వాడితే ఏం కాదు” అని మన దగ్గర బాగా తిరిగే మాట ఒకటుంది. చట్టంలో అలాంటి సెకన్ల లెక్క ఎక్కడా లేదు. విమర్శ, సమీక్ష, వర్తమాన వార్తల కోసం న్యాయంగా వాడుకోవడానికి సెక్షన్ 52 చోటిస్తుంది. మీరు ఆ దృశ్యం గురించే మాట్లాడుతుంటే ఆ వాదన నిలబడొచ్చు. మీ నేపథ్య సంగీతం వెనకాల అందంగా ఉంటుందని పెట్టుకుంటే నిలబడదు.

అటక మీది కేసెట్లు

ఇప్పుడు నాకు బాగా ఇష్టమైన చోటికి వస్తాను.

కొన్నేళ్ల కిందట మా విజయనగరం పైడితల్లి అమ్మవారి సిరిమానోత్సవం (పొడవాటి చింతమాను కొసన పూజారిని కూర్చోబెట్టి ఊరేగించే జాతర) మీద పనిచేస్తూ 1990ల నాటి దృశ్యం కోసం వెతుకుతున్నాను. నాకు కావాల్సింది వేదిక మీంచి తీసినది కాదు, జనంలోంచి చూసినది. మూడు లాంతర్ల వైపు ఒక పాత డాబా ఇంట్లో పెళ్లి కేసెట్లు ఉన్నాయని ఎవరో చెబితే వెళ్లాను. ఆ ఇంటి మామ్మగారు బీరువా అడుగు అరలోంచి చీరల కింద దాచిన ప్లాస్టిక్ సంచి తీస్తూ, “ఏటి బాబూ, ఈటితో నీకేటి పని? మా వీసీఆర్ పోయి పదిహేనేళ్లయింది” అన్నారు. ఆరు వీహెచ్ఎస్ కేసెట్లు. నాలుగో దాని మీద పెద్దకొడుకు పెళ్లి అని రాసి ఉంది. పెళ్లంతా చూశాను. తలంబ్రాలు, బంతి భోజనాలు, అప్పగింతలు. ఆఖర్న తెర నల్లబడింది. ఆపేయబోతుంటే మళ్లీ బొమ్మ వచ్చింది. కేసెట్‌లో మిగిలిన జాగాలో ఎవరో తర్వాత డాబా మీద నిలబడి సిరిమానును తీశారు. 4 నిమిషాలు.

ముందు పాలధార, తర్వాత తెల్ల ఏనుగు రథం, జాలరి వల. ఎదురుగా పెంకుటిళ్ల కప్పుల మీద పిల్లలు వరసగా కూర్చున్నారు. కెమెరా పక్కనే ఎవరో ఆడమనిషి గొంతు, “అదిగో వచ్చెస్తంది!” అని. చింతమాను కొసన పూజారి కూర్చుని కనిపించగానే కింద నుంచి అరటిపళ్లు గాల్లోకి లేచాయి. తీస్తున్న మనిషి చేతులు వణికి బొమ్మ ఒక్కసారి పక్కకి ఒరిగి, మళ్లీ నిలబడింది. దండం పెట్టుకున్నాడనుకుంటాను. ఆ పెంకుటిళ్లలో ఒక్కటీ ఇప్పుడు లేదు. ఈ ప్రపంచంలో ఏ ఆర్కైవ్‌లోనూ ఆ 4 నిమిషాలు లేవు.

ఇలాంటివి మన ఊళ్లలో ఇంకా చాలా ఉన్నాయి. పెళ్లి వీడియోలు తీసిన స్టూడియోల గోదాముల్లో, లోకల్ కేబుల్ నడిపినవాళ్ల దగ్గర, కాలేజీ వార్షికోత్సవాల సంచుల్లో, గల్ఫ్ నుంచి హ్యాండీక్యామ్ తెచ్చుకున్నవాళ్ల ఇళ్లలో. డాక్టర్లు, జమీందారీ కుటుంబాల ఇళ్లలో అరుదుగా 8 ఎంఎం రీళ్లు కూడా తగులుతాయి.

వీటికి హక్కు ఎవరిది? చాలామంది కెమెరామన్‌దే అనుకుంటారు. మన కాపీరైట్ చట్టం సెక్షన్ 17 ప్రకారం, ఎవరైనా డబ్బిచ్చి తీయించుకున్న ఫొటోకి, ఫిల్ముకి, వేరే ఒప్పందం లేకపోతే, తీయించుకున్నవారే మొదటి హక్కుదారు. అంటే పెళ్లి వీడియోకి సాధారణంగా పెళ్లివారు. ఎవరి డబ్బూ లేకుండా సొంతంగా తీసుకున్నదైతే తీసినవారిది. కేబుల్ వాళ్లకో ఛానల్‌కో రిపోర్టర్‌గా తీసిందైతే ఒప్పందం చూడాలి. అయితే ఆ పెళ్లి కేసెట్ మీద స్టూడియో వాళ్లు వేసిన సినిమా పాట ఎవరిదీ కాదు అనుకోకండి, దాని హక్కుదారు దానికి ఉన్నారు. ఆ శబ్దం తీసేయాలి. పాట లేని చోట అసలు వాతావరణ శబ్దం దొరికితే మాత్రం దాన్ని కళ్లకద్దుకుని వాడండి.

కాగితం తెలుగులోనే రాయించండి, ఒకటి రెండు పేజీలు చాలు. కానీ రెండు విషయాలు మర్చిపోవద్దు. ఎన్నేళ్లకి అని రాయకపోతే చట్టం దాన్ని 5 ఏళ్లకే అని లెక్కేస్తుంది. ఎక్కడెక్కడ అని రాయకపోతే ఇండియాకే అంటుంది. సినిమా రేపు వేరే దేశంలో ఆడాలంటే ఈ రెండు వాక్యాలూ ఉండాల్సిందే. తీయించుకున్న పెద్దాయన కాలం చేసి ఉంటే వారసులందరి సంతకం అడగండి. ఒక్క కొడుకు సంతకంతో సరిపెట్టుకుంటే తర్వాత అక్కచెల్లెళ్లు అడిగే హక్కు ఉంటుంది.

డబ్బు కూడా ఇవ్వండి. లండన్ వాళ్లకి సెకన్ల లెక్కన కట్టడానికి సిద్ధపడి, పక్కవీధి మామ్మగారి దగ్గర ఊరికే తీసుకోవడం న్యాయం కాదు. అలాగే, చట్టం ఒప్పుకున్నా వాడకూడనివి కొన్ని ఉంటాయి. ఏడుస్తున్న పిల్లలు, శవాలు, ఇంటి లోపలి తంతుల్లో ఆడవాళ్లు. అవి ఆ ఇంటివాళ్లకి చూపించి, వాళ్లు సరేనంటేనే ఉంచండి.

2018 తర్వాతివి

తిత్లీ కాలానికి వచ్చేసరికి అందరి చేతిలో ఫోన్ ఉంది. దృశ్యాలకి కరువు లేదు, నమ్మకానికే కరువు. వాట్సాప్‌లో వీడియోగా పంపినది తీసుకోకండి. అది బొమ్మను నలిపేస్తుంది, తీసిన తేదీ సమయాలు కూడా పోతాయి. తీసినవారి ఫోన్ నుంచి కేబుల్‌తో అసలు ఫైల్ కాపీ చేసుకోండి. వేరే ఊళ్లో ఉంటే డాక్యుమెంట్‌గా పంపమనండి.

నిజంగా ఆ రోజుదా కాదా తేల్చడానికి నేను చూసేవి చాలా మామూలు విషయాలు. దుకాణం బోర్డు మీద ఊరి పేరు, బస్సు మీద డిపో పేరు, బండి నంబరు. శ్రీకాకుళం బండి అయితే ఏపీ 30, విజయనగరం అయితే ఏపీ 35, విశాఖ అయితే ఏపీ 31. రాష్ట్రమంతటికీ ఏపీ 39 వచ్చింది 2019లో. కాబట్టి తిత్లీ అని చెప్పే వీడియోలో ఏపీ 39 బండి కనిపిస్తే అది తిత్లీ కాదు. అదే పాత కేసెట్లలో అయితే, మూడు ఇంగ్లిష్ అక్షరాలు, వాటి తర్వాత అంకెలే ఉన్న నంబర్లు 1989కి ముందు రిజిస్టర్ అయిన బండ్లవి.

టేపును ఫైల్‌గా మార్చడం: ఎవరికి ఇవ్వాలి

ఇక్కడ దెబ్బతిన్నాను కాబట్టి కాస్త వివరంగా చెబుతాను. ఒకసారి తొమ్మిది కేసెట్లు తొందరలో ఒక దుకాణంలో ఇచ్చాను. వాళ్లు డీవీడీలు చేసి ఇచ్చారు. బొమ్మ అంచులు కోసుకుపోయాయి, మూలన వాళ్ల పేరు శాశ్వతంగా అతికించేశారు. పోనీ కేసెట్లు ఇస్తే మళ్లీ చేయించుకుంటాను అంటే, “డీవీడీ చేసేశాం కదండీ, ఇంకెందుకని పడేశాం” అన్నారు. అవి నావి కూడా కావు, ఒక కుటుంబం నమ్మి ఇచ్చినవి. ఆ ఇంటికి వెళ్లి ఆ మాట చెప్పడం ఇప్పటికీ నన్ను బాధపెడుతుంది.

అందుకని ఎవరికి ఇచ్చినా ముందు మూడు మాటలు ఖాయం చేసుకోండి: అసలు టేపు తిరిగి ఇవ్వాలి, డీవీడీ కాకుండా పెద్ద ఫైల్ ఇవ్వాలి, బొమ్మ మీద ఏమీ వేయకూడదు.

ఇంట్లో చేసుకోవాలా, ల్యాబ్‌కి ఇవ్వాలా అన్నది టేపు రకాన్ని బట్టి ఉంటుంది. మినీ డీవీ అయితే ఇంట్లోనే చేసుకోండి. అందులో ఉన్నది డిజిటల్ సమాచారమే. పని చేసే పాత క్యామ్‌కార్డర్, ఫైర్‌వైర్ పోర్ట్ ఉన్న పాత కంప్యూటర్ దొరికితే చుక్క నష్టం లేకుండా కాపీ అవుతుంది, గంటకి దాదాపు 13 జీబీ. వీహెచ్ఎస్ అలా కాదు. తక్కువ ధర యూఎస్‌బీ డబ్బాలతో చేస్తే బొమ్మ వణుకుతుంది, మధ్యలో ఫ్రేములు జారిపోతాయి, పది నిమిషాలు పోయాక మాట పెదాలకి కలవదు. టైమ్ బేస్ కరెక్టర్ (టేపు బొమ్మ వణుకును సరిచేసే యంత్రం), మంచి వీసీఆర్ ఉన్నవాళ్లకి ఇవ్వడమే మేలు. వీసీఆర్‌ల తయారీ 2016తోనే ఆగిపోయింది కాబట్టి, బాగున్న యంత్రాలు ఏటేటా తగ్గుతున్నాయి. పనిచేసే వీసీఆర్ పాత సామాన్ల దుకాణంలో కనిపిస్తే వదలకండి.

ఏ టేపునైనా యంత్రంలో పెట్టేముందు కేసెట్ కిటికీలోంచి టార్చి వేసి చూడండి. రీలు అంచున ముగ్గు చల్లినట్టు తెల్లగా కనిపిస్తే అది బూజు. మన తీరంలో ఉప్పుగాలికి, తేమకి ఇది చాలా మామూలు. దాన్ని అలాగే వీసీఆర్‌లో తోస్తే ఆ బూజు హెడ్‌కి అంటుకుని తర్వాత పెట్టిన మంచి టేపుకి కూడా పాకుతుంది. అలాంటివి విడిగా సంచిలో కట్టి, శుభ్రం చేయడం తెలిసినవాళ్లకే ఇవ్వాలి. మిగతావి నిలువుగా, సిలికా జెల్ పొట్లాలతో, నేలకి ఎత్తుగా పెట్టండి.

ఫిల్మ్ రీలు దొరికితే, ఎంత ఆత్రంగా ఉన్నా ప్రొజెక్టర్ మీద ఎక్కించకండి. డబ్బా మూత తీయగానే వెనిగర్ వాసన వస్తే లోపల ఫిల్ము తయారైన అసిటేట్ ప్లాస్టిక్ కుళ్లడం మొదలైందని అర్థం, రీలు కుంచించుకుపోయి ఉంటుంది, పళ్ల చక్రంలో పడి చిరిగిపోతుంది. ఫ్రేము ఫ్రేముగా స్కాన్ చేసే ల్యాబ్‌కి పంపండి. గోడ మీద వేసి కెమెరాతో తీయించుకుంటే చవకే కానీ, ఆ బొమ్మ సినిమాలో నిలబడదు. 8 ఎంఎంలు ఎక్కువగా సెకనుకి 16 లేదా 18 ఫ్రేములతో తీసినవి. ఆ వేగం చెప్పి స్కాన్ అడగకపోతే మన తాతలు తెర మీద గబగబా పరుగెడతారు. 50 అడుగుల సూపర్ 8 రీలుకి 3 నిమిషాల 20 సెకన్లే వస్తుంది. దాన్నిబట్టి ఖర్చు లెక్కేసుకోవచ్చు.

కోయాలా, అలాగే ఉంచాలా

పాత వీడియో వెడల్పు, ఎత్తుల నిష్పత్తి 4:3, ఇప్పటి తెరది 16:9. తెర నిండాలని కోస్తే పైనా కిందా కలిపి ఎత్తులో పావు వంతు పోతుంది. సిరిమాను దృశ్యాన్ని అలా కోసి చూశాను. పైన కోస్తే పూజారి లేడు, కింద కోస్తే జనం లేరు. అడ్డంగా సాగదీస్తే మనుషులంతా బొద్దుగా అయిపోయారు. చివరికి రెండు పక్కలా నలుపు ఉంచి, బొమ్మను తీసినవాడు తీసినట్టే పెట్టాను. కొందరు వెనకాల అదే బొమ్మను మసకగా పెద్దది చేసి నింపుతారు. ఫోన్లో చూసే వార్తలకి సరే, డాక్యుమెంటరీలో అది కంటిని లాగేస్తుంది.

పాత టేపు గీతలు గీతలుగా కదలడం ఇంటర్‌లేస్ వల్ల, అంటే ఒక్కో ఫ్రేమును గీత విడిచి గీతగా రెండు విడతల్లో రికార్డ్ చేయడం వల్ల. దాన్ని సెకనుకి 50 ఫ్రేములుగా విడగొట్టిస్తే కదలిక నునుపుగా ఉంటుంది. ఆపై ఏఐతో పదును పెట్టే విషయంలో మాత్రం చాలా జాగ్రత్తగా ఉండండి. వీహెచ్ఎస్‌లో ముఖం అంటే కొద్దిపాటి చుక్కలే. సాఫ్ట్‌వేర్ ఆ ఖాళీల్ని తన ఊహతో నింపి వేరే మనిషిని తయారుచేస్తుంది. ఆ మనిషి కూతురు మీ సినిమా చూడొచ్చు. గీతలు, రంగు, వణుకు సరిచేయించండి, ముఖాల జోలికి పోవద్దు. ఇక “1970ల శ్రీకాకుళం వీధి” అని ఏఐతో పుట్టించిన దృశ్యాన్ని డాక్యుమెంటరీలో పాత ఫుటేజ్‌గా పెట్టడాన్ని నేను ఏ బడ్జెట్‌లోనూ ఒప్పుకోను. దృశ్యం లేని చోట ఫొటో పెట్టండి, పాత పత్రిక కత్తిరింపు పెట్టండి, చూసినవాళ్ల గొంతు వినిపించండి, లేకపోతే నల్ల తెర మీద రెండు వాక్యాలు రాయండి.

బడ్జెట్ చూసుకుని చెప్పాలంటే

విద్యార్థులు, మొదటి సినిమా వాళ్లు ఇళ్లలోని టేపులు, నాసా చిత్రాలు, సొంతంగా తీసిన ఇవాళ్టి దృశ్యాలతోనే పూర్తిగా నెట్టుకురావచ్చు. కొద్దిగా డబ్బుంటే దాన్ని మొదట టేపుల శుభ్రానికి, మంచి స్కాన్‌కి పెట్టండి, మిగిలితేనే లైసెన్సులు. ఛానల్ డబ్బుతో తీసేవాళ్లు ఎన్‌ఎఫ్‌డీసీకి, ప్రసార భారతికి స్క్రిప్ట్ దశలోనే ఉత్తరం రాయండి. జవాబుకి, స్కాన్‌కి, చెల్లింపులకి నెలలు పట్టొచ్చు. ఎడిట్ మొదలయ్యాక రాస్తే కుదరదు. విదేశీ ఆర్కైవ్ నుంచి కొనేది ఒక్కటే ముక్క అయితే, అది లేకుండా సినిమా నిలబడుతుందా అని ముందు ఒకసారి తీసేసి చూడండి. నా అనుభవంలో సగం సార్లు నిలబడింది.

ఏ ముక్క వాడినా ఒక షీట్ పెట్టుకోండి. ఎక్కడిది, ఎవరిచ్చారు, ఏ కేసెట్‌లో ఎన్నో నిమిషం, సినిమాలో ఎక్కడి నుంచి ఎక్కడి వరకు, కాగితం ఉందా లేదా. రోజూ పడుకునేముందు నింపితే 5 నిమిషాలు. చివర్లో ఒకేసారి నింపాలంటే నెల.

టేపులు ఇచ్చిన ఇంటికి కాపీ ఇవ్వడం మర్చిపోకండి. మామ్మగారికి మొదట మాస్టర్ ఫైలే పెన్‌డ్రైవ్‌లో వేసి ఇచ్చాను. వాళ్ల టీవీలో అది తెరుచుకోలేదు. మళ్లీ మామూలు ఎంపీ4 చేసి, పెళ్లిని ఒక ఫైల్‌గా, సిరిమానును ఇంకో ఫైల్‌గా విడగొట్టి తీసుకెళ్లాను. ఆవిడ సిరిమాను ఫైల్‌ను మూడుసార్లు వేయించుకున్నారు. మూడోసారి, “అదిగో వచ్చెస్తంది” అన్న చోట ఆపమని, “ఇది మా ఆడపడుచు గొంతు బాబూ, దాని ఫొటో కూడా మా దగ్గర లేదు” అన్నారు. సినిమా చివరి పేర్లలో ఆ ఆడపడుచు పేరు కూడా వేశాం.